కత్తెర పెట్టకముందు

ముత్తెన్న కొలతల బుక్కుల
ఛాతీ ముప్పై ఎనిమిది, నడుము ముప్పై నాలుగు,
వాటి కిందనే
సిత్రా క్యాంపు, పద్దెనిమిదో రూము: ఆరుగురు.

నేను చెప్పిన లెక్కే అది.
మనామా సూకుల, ఆయన మిషన్ పక్క స్టూలు మీద
చాయ తాగుకుంట చెప్పిన:
"ఆరుగురం అన్నా, ఒక్కడు తక్కువైతే అడుగు."
నోరు ఊకె ఉంటదా.

ఇరవై ఆరేండ్ల సంది ఈ దీవిల
మా అందరి అంగీలు కుట్టినోడు
బిడ్డ పెండ్లి ఈడనే చేస్తున్నడు.
పిల్లగాడు గూడ ఈడనే, దవాఖాన్ల ల్యాబుల కొలువు.
శుక్రవారం రాత్రి, హోటల్ హాలు,
పళ్లెం నాలుగున్నర దినార్లు.
ఎందరు తింటరో బుధవారం పొద్దుమూకేలోపు చెప్పాలె,
ఆ తర్వాత తిన్నా తినకున్నా పైసలు పైసలే.

మంగళవారం మెస్సు తలుపు పక్కన
షట్‌డౌన్ కాగితం అతికిచ్చిన్రు.
శుక్రవారం నైటు డ్యూటీ:
లింబాద్రి, మల్కన్న, పోశెట్టి, సుదర్శన్,
ఒడిశా నుంచొచ్చి మా తెలుగు నేర్చిన బికాష్.
నా పేరొక్కటే లేదు,
బొటనవేలికి కుట్లు పడ్డయి గద.

"ఐదుగురు రాకుంటె ఎవలు చూస్తరు పెండ్లిల" అన్నడు పోశెట్టి.
"పక్క రూమోళ్లను తోల్కపో, కుర్చీలు నిండుతయి" అన్నడు మల్కన్న.
నవ్విన గని
రాత్రంత అదే తిరిగింది తలకాయల.
ఆయన బుక్కుల రాసుకున్నది మమ్ములను,
కుర్చీలను గాదు.

"అన్నా" అని టైపు కొట్టిన, చెరిపిన.
జరమొచ్చిందని చెప్తె?
ఐదుగురికీ ఒక్కసారే జరమా?
పై బెడ్డు మీద సుదర్శన్ గురక.
ఫోను ఛార్జింగు అయిపోయింది, నా ధైర్యం గూడ.

బుధవారం పగటీలి చేసిన.
"అన్నా, ఆరు గాదు. ఒకటి."
అటుదిక్కు మిషన్ ఆగింది.
"ఎవలకన్న ఏమన్న అయిందా?"
ముందుగాల అడిగింది అదే.
షట్‌డౌన్ సంగతి చెప్పిన.
కాయితాలు తిప్పిన సప్పుడు. పెన్సిలు సప్పుడు.

"కొలత మారుడు తప్పు గాదు తమ్మీ.
కత్తెర పెట్టకముందు చెప్తె బట్ట మిగులుతది.
నిన్న రాత్రే చెప్తివంటె
పొద్దుగాల హోటలోనికి ఇంకొక బల్ల తగ్గిద్దుమంటుంటి."
కోపం లేదు గొంతుల.
లేకపోవుడే గుచ్చుకుంది.

శుక్రవారం ఆయన కుట్టిన నీలం అంగీనే తొడుక్కొని పోయిన.
"ఒక్కన్నే, యాడ ఖాళీ ఉంటె ఆడ" అన్న తలుపుకాడి పోరనితోని.
కడపోళ్ల కుటుంబం జరిగి చోటిచ్చిన్రు.
కట్టు కట్టిన చేతితోని చెంచ పట్టుకోరాకుంటె
వాళ్ల పాప నా గారె తుంచి పెట్టింది,
సగం తానే తిన్నది.

పెండ్లిపిల్ల మేనమామ మైకు పట్టిండు,
కట్నాలు చదువుతున్నడు.
నా జేబుల ఐదు కవర్లున్నయి.
ఒకని కవరు సంగతి ఇంకొకనికి తెల్వదు.
"ఎవలు చూస్తరు" అన్న పోశెట్టి
పది దినార్లు పెట్టిండని మైకుల చదివితేనే తెలిసింది.

ఆరు పేర్లు చదివిండు, నాతోని కలిపి.
స్టేజీ మీదికెల్లి ముత్తెన్న
మనుషుల నడుమ దేవులాడుతున్నట్టు చూసిండు.
నేను మంచి చెయ్యి ఎత్తిన.
ఆయన ఒక వేలు చూపిచ్చి నవ్విండు,
లెక్క సరిపోయిందన్నట్టు.

తెల్లారి బస్సు దిగి వచ్చిన్రు,
మొఖాల మీద మసి, కండ్ల కింద హెల్మెట్ గుర్తులు.
"మటనా, చికెనా?" అని బికాష్.
లింబాద్రి ఒక్క బూటు విడిచి ఆగిండు.
"నా పేరు మంచిగ చదివిండా?"
"నింబాద్రి అన్నడు."
"అయ్యో!
ఇంకొక బిడ్డ ఉన్నదా ముత్తెన్నకు?"
అనుకుంట
రెండో బూటు మీదనే బాత్రూంకు పోయిండు.